డిక్కీలో పెట్టిన రెక్క

ఆర్నెల్లపాటు ఇంగ్లండులో మా అమ్మాయి దగ్గర ఉండి వచ్చాను. వచ్చినప్పటినుంచీ కనిపించిన వాళ్ళందరూ "ఏమేం చూసొచ్చారండీ?" అని అడుగుతున్నారు. లండన్ వంతెన చూశాను, షేక్‌స్పియర్ పుట్టిన ఇల్లు చూశాను అంటే వాళ్ళకి తృప్తి. కానీ అబద్ధం ఎందుకు? అవన్నీ ఒక పూట సరదా. నేను నిజంగా మనసు పెట్టి చూసింది మటుకు కార్ల పందేలు. అవీ ఇప్పటివి కావు. 1994 నాటివి!

"ఈ వయసులో ఇదేం సరదా?" అని మీరు నవ్వుకోవచ్చు. తప్పు నాది కాదు, అక్కడి వానది. చలీ, వానా కలిసి గుమ్మం దాటనివ్వని రోజుల్లో మా పెద్ద మనవడు పాత టీవీ ప్రసారాల రికార్డింగులు ముందేసుకుని కూర్చునేవాడు. వాడికి పదహారేళ్ళు. వాడు పుట్టకముందు జరిగిన పందేలంటే వాడికి ప్రాణం. నేను పక్కన కూర్చుని చిక్కుడుకాయలు ఈనెలు తీసుకుంటూ ఒక కన్ను అటు వేశాను. రెండో రోజుకి రెండు కళ్ళూ అటే. మూడో రోజున వాడు ఇంకా బడినుంచి రాలేదేమా అని కిటికీలోంచి చూడటం మొదలుపెట్టాను. మన వారపత్రికలో సీరియల్ కోసం గురువారం ఎప్పుడొస్తుందా అని చూసే రోజులు గుర్తొచ్చాయి.

అంచేత దీన్ని సీరియల్‌గానే తీసుకుని నాలుగు మాటలు చెబుతాను. ఏప్రిల్‌లో మొదలై సెప్టెంబరు దాకా సాగిన కథ. నాయకుడున్నాడు, ప్రతినాయకులున్నారు, హాస్యపాత్ర ఉంది, అలకలున్నాయి, పంచాయతీ ఉంది. కథ బాగుందా అంటే బాగుంది. ముగింపు బాగుందా అంటే మాత్రం నాకూ మా మనవడికీ ఈనాటికీ పడలేదు.

ముందు ఈ పందేల సంగతి చెప్పాలి. కార్ల పందెం అనగానే మనకి కళ్ళముందు మెదిలేది విమానానికి రెక్కలు కోసి నేలమీద పడుకోబెట్టినట్టుండే ఫార్ములా వన్ బండి. ఇది అది కాదు. బ్రిటిష్ టూరింగ్ కార్ ఛాంపియన్‌షిప్ అని 1958 నుంచీ జరుగుతోంది. దీని ప్రాణమంతా ఒక్క మాటలో ఉంది: పరిగెత్తే బండి మన వీధిలో తిరిగే బండిలా కనిపించాలి. నాలుగు తలుపులు, వెనక డిక్కీ, మనం పిల్లల్ని బడి దగ్గర దింపే కారే. లోపల సీట్లన్నీ పీకేసి, ఇనప గొట్టాల పంజరం బిగించి, రెండు లీటర్ల ఇంజను పెట్టి, అది నిమిషానికి 8,500 చుట్లు మించి తిరగకూడదని కట్టడి చేసి, మైదానంలోకి వదిలేవారు ఆ రోజుల్లో. బయటినుంచి చూస్తే పక్కింటి గుమస్తాగారు ఆఫీసుకి ఆలస్యమై పరిగెడుతున్నట్టే ఉంటుంది.

ఇంకో విశేషం, ఇక్కడ బండికి బండి తగలడం పెద్ద నేరం కాదు. బంపరుకి బంపరు ఆనించి, తలుపుకి తలుపు రాసుకుని, మలుపులో ఒకణ్ణొకడు నెట్టుకుంటూ పోతారు. రేషను షాపు ముందు కిరసనాయిలు వచ్చిన రోజు మన క్యూ గుర్తుందా? అచ్చం అదే. దీనికి తోడు ముర్రే వాకర్ గారి కామెంటరీ. 2021లో పోయారాయన. ఇంట్లో నిప్పంటుకుంటే అరిచినట్టు అరుస్తూ చెబుతారు. నాకు ఆయన ఇంగ్లీషు సగం అర్థం కాలేదు. అయినా ఒక్క ముక్క కూడా పోయినట్టనిపించలేదు.

1994లో ఈ పందేనికి పది కంపెనీలు దిగాయి. ఫోర్డు, వాక్సాల్, నిస్సాన్, టొయోటా, ప్యూజో, రెనో, బీఎమ్‌డబ్ల్యూ, మాజ్దా ఒక పక్క. ఇటలీ నుంచి ఆల్ఫా రోమియో, స్వీడన్ నుంచి వోల్వో కొత్తగా వచ్చాయి. ఈ కొత్తగా వచ్చిన ఇద్దరి కథే అసలు కథ. తక్కిన ఎనిమిది మందీ పెళ్ళికొచ్చిన చుట్టాలనుకోండి.

మొదట వోల్వో సంగతి. ఆ రోజుల్లో వోల్వో కారంటే ఇంగ్లండులో ఒక అభిప్రాయం ఉండేదట. గట్టి బండి, భద్రమైన బండి, అగ్గిపెట్టెలా నలుచదరం బండి, బొత్తిగా రసం లేని బండి. మన వైపు సంబంధాలు చూసేటప్పుడు "కుర్రాడు బుద్ధిమంతుడండీ" అని మాత్రమే చెప్పి ఊరుకుంటారు చూడండి, ఆ బాపతు. ఆ పేరు పోగొట్టుకోవాలని వోల్వో వాళ్ళు టామ్ వాకిన్‌షా అనే ఆయన జట్టుతో చేతులు కలిపారు. సరే, మంచి వాడి బండి ఏదైనా తెస్తారు కాబోలనుకున్నారందరూ. తీరా థ్రక్స్‌టన్‌లో మొదటి పందెంనాడు వచ్చింది ఏమిటయ్యా అంటే, వోల్వో 850 ఎస్టేటు కారు!

ఎస్టేటు కారంటే మనం స్టేషన్ వాగన్ అంటాం. కప్పు చివరిదాకా సాగి ఉంటుంది. వెనక తలుపు ఎత్తితే చిన్న గదంత చోటు. పిల్లబండి, కూరగాయల సంచులు, ఇస్త్రీకిచ్చే బట్టల మూట, కుక్క, అత్తగారి పెట్టె, అన్నీ పట్టేస్తాయి. సంసారానికి చక్రాలు వేస్తే ఎలా ఉంటుందో అలా ఉంటుంది. మా అమ్మాయి వాళ్ళింటి వరసలో ప్రతి మూడో ఇంటి ముందూ ఏదో ఒక కంపెనీది అలాంటిదొకటి నిలబడి ఉంది. ఆ బండి పందెపు రంగులు పూసుకుని, నేలకి అంగుళాల ఎత్తున కూర్చుని, కాలు దువ్వుతుంటే ఎలా ఉంటుందో ఊహించండి. నాకు మా మేనత్త గుర్తొచ్చింది. తొమ్మిది గజాల చీర బిగించి కట్టి బాడ్మింటన్ బ్యాటు పట్టుకున్నట్టనిపించింది. నవ్వొచ్చింది. ఆ వెంటనే ముచ్చటేసింది. మూడో క్షణంలో, "ఆవిడ నెగ్గితే బాగుండును!" అనిపించింది.

నవ్విన వాళ్ళలో నేనొక్కదాన్నే కాదు. తోటి జట్ల వాళ్ళు నవ్వారు, సణిగారు. అప్పుడు వోల్వో వాళ్ళు చేసిన పని చూడండి. ఒకనాడు పందేనికి ముందు జనం ఎదుట బండ్లన్నీ ఊరేగింపుగా తిరుగుతాయి కదా, ఆ చుట్టులో తమ బండి వెనక భాగంలో దూది కుక్కిన పెద్ద బొమ్మ కుక్కని కూర్చోబెట్టి తిప్పారట! ఎగతాళి చేసేవాళ్ళని ఇంతకంటే అందంగా నోరు మూయించడం నేను చూడలేదు. నలుగురిలో మనల్ని చూసి నవ్వితే ముందు మనమే ఇంకాస్త గట్టిగా నవ్వేయాలని మా అమ్మ చెబుతూండేది. వోల్వో వాళ్ళకి ఎవరు చెప్పారో మరి.

ఆ బండ్లు తోలినవాళ్ళు ఆషామాషీ మనుషులు కారు. ఒకాయన స్వీడన్ దేశస్థుడు రికార్డ్ రీడెల్. రెండో ఆయన హాలండు నుంచి యాన్ లామర్స్. ఈయన 1988లో లమాన్‌లో జరిగే ఇరవైనాలుగు గంటల పందెం గెలిచిన జట్టులో ఒకడు. అంతటి వాళ్ళు తోలినా ఆ ఏడాది ఎస్టేటు బండి ఎక్కువలో ఎక్కువ చేరింది అయిదో స్థానం. ఏడాది చివర లెక్కలు చూస్తే రీడెల్‌ది పధ్నాలుగో చోటు, లామర్స్‌ది పదిహేనో చోటు. కథలో హాస్యపాత్రకి అంతకన్నా ఏం దక్కుతుంది?

ఇక నాయకుడి దగ్గరికొద్దాం. గాబ్రియేలే తార్కీనీ. ఇటలీ వాడు, అప్పటికి ముప్పైరెండేళ్ళు, ఫార్ములా వన్‌లో కొన్నేళ్ళు కష్టపడి పెద్ద పేరు రాకుండా తిరిగొచ్చినవాడు. చేతిలో ఎర్రటి ఆల్ఫా రోమియో 155. మొదటి పందెం గెలిచాడు. రెండోది గెలిచాడు. మూడు, నాలుగు, అయిదు కూడా గెలిచేశాడు! సీరియల్ మొదటి అయిదు వారాల్లోనే నాయకుడు పెళ్ళి చేసుకుని, ఇల్లు కట్టుకుని, పిల్లల్ని కని కూర్చుంటే ఇక పాఠకులేం చదువుతారు? తక్కిన జట్ల వాళ్ళకీ ఇదే బెంగ పట్టుకుంది. ఎందుకిలా పోతోందీ బండి అని వంగి వంగి చూశారు. వెనక డిక్కీ మీద కనిపించింది రెక్క.

ఈ రెక్క సంగతి మా మనవడు మజ్జిగ గ్లాసూ, అట్టముక్కా పెట్టి నాకు బోధించాడు. విమానం రెక్క గాలిని వాడుకుని విమానాన్ని పైకి లేపుతుంది. అదే రెక్కని తలకిందులుగా బిగిస్తే గాలి బండిని నేలకేసి అదుముతుంది. వేగం పెరిగేకొద్దీ అదుము పెరుగుతుంది. టైర్లకి పట్టు దొరుకుతుంది, మలుపులో బండి జారదు. తక్కినవాళ్ళు భయపడి కాలు తీసే చోట ఇతను తియ్యక్కర్లేదు. ముందు బంపరు కింద ఒక పెదవి, వెనక ఒక రెక్క. అంతే రహస్యం.

మరి అందరూ పెట్టుకోవచ్చుగా అంటారా? అక్కడే ఉంది కిటుకు. మార్కెట్లో అమ్మే బండికి ఏముంటే పందెపు బండికీ అదే ఉండాలి, ఆ బండి కనీసం 2,500 తయారై ఉండాలి అని నిబంధన. ఉద్దేశం స్పష్టమే కదా, ఇది మామూలు జనం కొనే కార్ల పందెంగానే ఉండాలని. ఆల్ఫా వాళ్ళు ఆ నిబంధనని తప్పలేదు. చాలా శ్రద్ధగా చదివారు. "సిల్వర్‌స్టోన్" అని పందెం జరిగే ఊరి పేరే పెట్టి ఒక రకం 155 తయారుచేసి అమ్మకానికి పెట్టారు. దాని ముందు పెదవిని కాస్త బయటికి జరుపుకోవచ్చు. వెనక రెక్కని ఎత్తుగా నిలబెట్టే ముక్కలు? అవి బిగించి ఇవ్వలేదు. డిక్కీలో పెట్టి ఇచ్చారు! కొన్నాయన బిగించుకుంటే బిగించుకుంటాడు, లేకపోతే అటక మీద పారేసుకుంటాడు. బండితో పాటు అమ్మామా లేదా? అమ్మాం. అయితే పందెంలో మేం బిగించుకుంటాం. ఇదీ వాదన.

ఇది వినగానే నా చేతిలో చిక్కుడుకాయ ఆగిపోయింది. ఈ వాదన నేనెక్కడో విన్నాను. ఎక్కడా అని ఒక పూటంతా ఆలోచిస్తే తట్టింది. మా పినతల్లి కూతురి పెళ్ళిలో.

మగపెళ్ళివారు మహా మర్యాదస్తులు. వియ్యంకుడు గారు పడక్కుర్చీలో కూర్చుని, "కట్నం మాటే ఎత్తకండి బావగారూ, 1961లోనే చట్టం వచ్చింది, మేం చట్టాన్ని గౌరవించేవాళ్ళం" అన్నారు. మా బాబాయి కళ్ళు చెమ్మగిల్లాయి. ఆ తరవాత కాఫీ తాగుతూ, "అమ్మాయికి మీరేం పెట్టుకుంటారో అది మీ ముచ్చట, మాకు సంబంధం లేదు" అన్నారు. ఇంకాసేపటికి, "అబ్బాయికి ఆఫీసు నాలుగు మైళ్ళు, మరి అమ్మాయిని సినిమాకి తీసుకెళ్ళాలన్నా..." అన్నారు. ఆడపడుచు లాంఛనం ఒకటి, అత్తగారి లాంఛనం ఒకటి. అన్నీ సారె పెట్టెలో పెట్టి పంపించారు. కాగితం మీద కట్నం సున్న. మా బాబాయి ఎకరంన్నర పొలం మటుకు అమ్ముడుపోయింది.

చట్టాన్ని మీరలేదు. పెట్టెలో పెట్టి పంపించారంతే.

ఈ మాట మా మనవడికి చెబితే వాడు ఒప్పుకోలేదు. "అమ్మమ్మా, నువ్వు పెళ్ళినీ రేసునీ కలిపేస్తున్నావు. వాళ్ళు ఎవరి దగ్గరా ఏమీ లాక్కోలేదు. రూలు రాసింది ఒకళ్ళు, బాగా చదివింది ఇంకొకళ్ళు. చదవనివాళ్ళదే తప్పు" అన్నాడు. "ఆ మాటకొస్తే నీ ముద్దుల వోల్వో మాత్రం? ఎస్టేటు బండి తేకూడదని రూల్లో లేదు కాబట్టే తెచ్చారు. పొడుగు కప్పు వల్ల గాలి దగ్గర లాభముంటుందన్న మాట కూడా అప్పట్లో వచ్చింది. పైగా అదంతా ప్రకటన కోసం. బొమ్మ కుక్క కూడా!" అన్నాడు.

వాడన్నదాంట్లో నిజముంది, కాదనను. వోల్వో వాళ్ళేం అమాయకులు కారు. జనం మనసులో తమ బండికి కొత్త పేరు తెచ్చుకోవాలని డబ్బు పోసి ఆడిన నాటకమే అది. రెండు కంపెనీలూ ఒకే రూలు పుస్తకం చదివాయి. కానీ ఇద్దరు ఒకే పుస్తకం చదివినంత మాత్రాన ఒకటే చదివినట్టు కాదు. మామూలు జనం కొనే బండి అని పుస్తకంలో ఉంటే, వోల్వో ఆ మాటని పట్టుకుని అందరికంటే మామూలు బండిని, ఎవరూ ధైర్యం చెయ్యనంత మామూలు బండిని తెచ్చి నిలబెట్టింది. ఆల్ఫా ఆ మాట చాటున మామూలు జనానికి అక్కర్లేని దాన్ని డిక్కీలో దాచింది. ఒకరు రూలు ఉద్దేశాన్ని నవ్వొచ్చేదాకా సాగదీశారు. రెండోవారు దాని అక్షరాన్ని సాగదీశారు. నా మటుకు నాకు ఈ తేడా చాలా పెద్దది.

కథలోకి వస్తాను. తోటి జట్లు ఫిర్యాదు చేశాయి. మే నెలలో ఓల్టన్ పార్క్ పందెం దగ్గర గొడవ పాకాన పడింది. రెక్కలు తగ్గించమన్నారు అధికారులు. ఆల్ఫా జట్టు పందెం ఆడకుండానే సామాను సర్దుకుని వెళ్ళిపోయింది. విడిదింట్లో అలిగిన మగపెళ్ళివారిలాగే, చూడండి! ఆ తరవాత రాయబారాలు, సర్దుబాట్లు. ఆల్ఫా మళ్ళీ వచ్చింది. సర్దుకున్న రెక్కలతో పందెం సాగింది.

సీరియల్‌గా చూస్తే ఇక్కడే రచన దెబ్బతింది. ఇంతవరకూ కథ రోడ్డుమీద నడిచింది. ఇక్కడినుంచి కొన్నాళ్ళు ఆఫీసు గదుల్లో నడిచింది. ఎవరు ఎవర్ని దాటారన్నది పోయి, ఎవరు ఎవరికి ఉత్తరం రాశారన్నది ముఖ్యమైపోయింది. తప్పు ఆల్ఫా వాళ్ళ ఒక్కరిదే కాదు, ఎక్కువ తప్పు రచయితలది, అంటే రూలు రాసినవాళ్ళది. ఏప్రిల్ నెలలో మొదటి పందెంనాడే బండి అందరి కళ్ళముందూ నిలబడి ఉందిగా? అప్పుడే అవునో కాదో చెప్పాల్సింది. అయిదు పందేలు గెలవనిచ్చి, ఆ తరవాత రెక్క కనిపించిందనడం ఏం న్యాయం? పెళ్ళి అయిపోయి అప్పగింతలప్పుడు కట్నం తప్పని ఉపన్యాసమిచ్చే పెద్దమనిషిని నేనెరుగుదును. ఆయన వల్ల ఎవరికీ మేలు జరగలేదు.

తార్కీనీకి మాత్రం నేను అన్యాయం చెయ్యను. గొడవ తరవాత కూడా అతను మరో మూడు పందేలు గెలిచాడు, మొత్తం ఎనిమిది. జూలై చివర స్కాట్లండులో నాక్‌హిల్ దగ్గర అతని బండి పల్టీలు కొట్టింది. చూస్తున్న నాకు గుండె ఆగినంత పనైంది. ఆ ఏడాది మే 1న ఇటలీలో ఇమోలా దగ్గర ఐర్టన్ సెన్నా పోయాడు. అంతకు ముందు రోజు అదే చోట రోలండ్ రాట్జెన్‌బర్గర్ పోయాడు. అతనూ ఒకప్పుడు ఈ టూరింగ్ కార్లు తోలిన పిల్లాడేనట. అది తెలిసి చూస్తున్నప్పుడు పల్టీ కొట్టిన బండిని చూసి ఇది ఉత్త ఆటలే అనుకోలేం. తార్కీనీ క్షేమంగా బయటపడ్డాడు. మళ్ళీ బండెక్కి, రెనో తోలిన అలేన్ మెనూని వెనక్కి నెట్టి, ఛాంపియన్ అయ్యాడు. అంతేకాదు, 2009లో నలభైఏడో ఏట ప్రపంచ టూరింగ్ కార్ల ఛాంపియన్ అయ్యాడు. 2018లో యాభైఆరో ఏట ఇంకో ప్రపంచ కప్పు గెలిచాడు. రెక్క లేకపోయినా ఎగరగలవాడే అతను. అంతటివాడి మొదటి పెద్ద గెలుపు పక్కన ఆ రెక్క ఎప్పటికీ నిలబడి ఉంటుంది. అతని ప్రతిభకి ఆ తెలివి చేసిన అపకారం ఇదే. ఎంత మంచి కుర్రాడైనా స్కూటరు తీసుకున్న అల్లుడంటే స్కూటరే ముందు కనిపిస్తుంది మరి.

ఇక ముగింపు. అసలు నా ఫిర్యాదు దీనిమీదే. 1995కి పెద్దలు ఒక నిర్ణయానికొచ్చారు. ఇక గొడవెందుకు, హద్దుల్లో ఉండి అందరూ రెక్కలు పెట్టుకోవచ్చన్నారు. వినడానికి ఎంత న్యాయంగా ఉంది! ఏం జరిగిందో చూడండి. అందరికీ రెక్కలొచ్చాక ఆల్ఫా రోమియో ఆ ఏడాది ఒక్క పందెం కూడా గెలవలేదు. వాక్సాల్ తోలిన జాన్ క్లీలండ్ ఛాంపియన్ అయ్యాడు. సరే, రెక్క తెచ్చినవాడికి రెక్క వల్ల లాభం పోయింది, తగిన శాస్తి అనుకుందాం. కానీ ఈ తీర్పు వల్ల ఇల్లు వదిలి వెళ్ళిపోయింది ఎవరు? ఎస్టేటు బండి! చివరిదాకా కప్పున్న బండికి రెక్కల కాలంలో చోటు లేకపోయింది. వోల్వో వాళ్ళు దాన్ని పక్కనపెట్టి మామూలు డిక్కీ ఉన్న 850 తెచ్చి, దానికీ రెక్క తగిలించారు. దాంతో రీడెల్ పందేలు గెలిచాడు, ఏడాది చివర మూడో చోటు సంపాదించాడు, 1998లో ఇంకో వోల్వోతో ఛాంపియన్ కూడా అయ్యాడు. గెలుపులొచ్చాయి. బొమ్మ కుక్క మటుకు మళ్ళీ రాలేదు.

మా పినతల్లి కూతురి పెళ్ళి తరవాత మా వీధిలో ఏం జరిగిందో చెప్పనా? ఆ అల్లుడికి స్కూటరిచ్చారట అని అందరూ ముక్కున వేలేసుకున్నారు. మరుసటేడు ఎదురింటివాళ్ళు స్కూటరు అడిగారు. ఆపై ఏడు అందరూ అడిగారు. అందరూ అడుగుతున్నారు కాబట్టి అది తప్పు కాకుండా పోయింది, ఆనవాయితీ అయింది. ఆ మొదటి అల్లుడి స్కూటరుకి గొప్పేమీ మిగల్లేదు. కానీ మూలింటి టీచరుగారి అమ్మాయికి, చక్కని పిల్ల, వీణ వాయించేది, కుదిరిన సంబంధం తప్పిపోయింది. ఆయన దగ్గర స్కూటరుకి డబ్బు లేదు. ఒక తప్పుని ఆపలేక అందరికీ పంచిపెడితే సమానత్వం వచ్చినట్టే కనిపిస్తుంది. ఆ పంపకంలో చోటు లేనివాళ్ళు చడీచప్పుడు లేకుండా వెళ్ళిపోతారు. వాళ్ళెవరో లెక్కల పట్టికలో కనిపించదు.

ఇంకో చిన్న ముక్క. ఆ ఎస్టేటు బండిని చూసి నేనంత మురిసిపోయాను కదా, ఒకటి ఆలస్యంగా తోచింది. ఇల్లాలి సంచులూ, పిల్లబండీ పట్టేలా చేసిన ఆ బండి రెండింటినీ తోలింది ఇద్దరు మగవాళ్ళే. ఆడవాళ్ళకి చేతకాదా? అంతకు రెండేళ్ళ క్రితమే, 1992లో, జర్మనీ వాళ్ళ టూరింగ్ కార్ల పోటీలో హాకెన్‌హైమ్ దగ్గర ఎలెన్ లోర్ అనే ఆవిడ మెర్సిడిస్ తోలి పందెం గెలిచింది. ఆవిడ వెనక వచ్చిన వాడు ఎవరనుకున్నారు? ఒకప్పటి ఫార్ములా వన్ ప్రపంచ ఛాంపియన్ కేకే రోజ్‌బర్గ్! ఈ మాట చెప్పి మా మనవణ్ణి, "మరి మీ వోల్వో వాళ్ళు ఆవిణ్ణెందుకు పిలవలేదురా?" అని అడిగాను. వాడు తల గోక్కుని, "అది రూల్లో లేదని మాత్రం అనలేను అమ్మమ్మా" అన్నాడు. తెలివైన పిల్లాడు.

ఇంతకీ ఈ సీజన్ చూడతగ్గదేనా? తప్పకుండా చూడండి. ఇంట్లో కుర్రాళ్ళుంటే వాళ్ళ పక్కన కూర్చుని చూడండి. పాత్రలు బావున్నాయి, వేగం బావుంది, మొదటి భాగంలో హాస్యం చాలా బావుంది. నడుమ కాస్త నీరసం. ముగింపులో న్యాయం జరిగిందని రచయితలు అనుకున్నారు. నేననుకోలేదు. రూలు మార్చక్కర్లేదు. డిక్కీలో ఉన్న ముక్కలు డిక్కీలోనే ఉంచమని మొదటి రోజున ఒక్క మాట గట్టిగా చెప్పి ఉంటే, తార్కీనీ తన చేతి నేర్పుతోనే గెలిచేవాడు, ఆ సాధు బండి ఇంకో ఏడాది పరిగెత్తేది.

తిరుగు ప్రయాణంనాడు మా అమ్మాయి తన కారు వెనక తలుపెత్తి నా పెట్టెలు సర్దింది. ఊరగాయల ఖాళీ సీసాలు, దుప్పట్లు, మనవడు దారిలో తినడానికి చేసిన జంతికల డబ్బా, అన్నీ పట్టేశాయి. ఇంకా చోటు మిగిలింది. మా మనవడు లోపలికి తొంగిచూసి, "అమ్మమ్మా, రెక్క ముక్కలేమైనా దాచావా?" అన్నాడు.

"నా దగ్గరేం లేవు నాయనా, వెతుక్కో" అన్నాను. వాడు నవ్వుతూ తలుపు వేసేశాడు.